పన్నెండు మేకలు, మూడు పులులు

పొందూరులో ఆ రోజు ఉదయం యమున వేసుకున్న పథకం చాలా చిన్నది. తొమ్మిదింటికి అత్తగారు దూది దువ్వుతుంటే ఒక వీడియో, పదింటికి రాట్నం తిప్పుతుంటే ఒకటి, పదకొండింటికి మావగారు మగ్గం మీద నేస్తుంటే ఇంకొకటి. ఇద్దరి పేర్లూ కింద రాసి, మూడూ కలిపి సాయంత్రం లోపల హైదరాబాదులో ఒక బట్టల దుకాణానికి పంపేయాలి. చేత్తో వడికి చేత్తో నేసిన బట్ట అని మాటల్లో చెబితే ఆ దుకాణం వాళ్లకి చాలదట, కళ్లతో చూడాలట. ఇందులో బెడిసికొట్టడానికి ఏముంది అనుకుంది యమున. ఆ ఇంటికి కోడలిగా వచ్చి పంతొమ్మిదేళ్లయినా అలా అనుకోగలిగిందంటే మంచి మనిషనే చెప్పాలి.

ట్యాబ్ తీసి వీడియో నొక్కేసరికి అందులో జాగా లేదని వచ్చింది. ట్యాబ్ ఆవిడ కూతురు అరుణశ్రీది. ఆ పిల్ల ఇంటర్ చదవడానికి విజయనగరం హాస్టల్‌కి వెళ్తూ దాన్ని ఇంట్లో వదిలేసి వెళ్లింది. ఏం నిండిపోయిందా అని చూస్తే పదకొండు గేములు. కార్లు గుద్దుకునేవి, మిఠాయిలు పేలేవి, పెళ్లికూతురికి ముస్తాబు చేసేవి. "ఆడే గుంట అక్కడ, ఆటలేమో ఇక్కడ" అనుకుంటూ ఒక్కొక్కదాన్నీ వేలితో అదిమిపట్టి తీసేసింది. చిట్టచివర పులిమేక ఆట మిగిలింది. దాన్నీ తీసేసింది. మన పిల్ల పులిమేక ఎప్పుడు ఆడిందబ్బా అని ఒక్క క్షణం ఆగి ఉంటే ఈ కథే లేదు.

ఆ పులిమేక అరుణశ్రీది కాదు. యమున మావగారు జగన్నాధానిది, అత్తగారు లక్ష్మీనరసమ్మది. ఆ మొగుడూ పెళ్లాల మధ్య ఐదు నెలలుగా మాటల్లేవు. ఆవిడ నూలు వడుకుతుంది, ఆయన నేస్తాడు. నలభై మూడేళ్లలో ఆయన మగ్గం మీద ఇంకొకరి నూలు ఎక్కలేదు. పోయిన దసరాకి ఎవరో పెద్దమనిషి పంచె కొనడానికి వచ్చి, దాన్ని వెలుతురుకి ఎత్తి చూసి, "ఇక్కడేదో చిన్న గీతలా ఉందే" అన్నాడు. జగన్నాధం తడుముకోకుండా "నూల్లో వచ్చీసుంటాది బాబూ" అన్నాడు. తలుపు వెనకనుంచి లక్ష్మీనరసమ్మ "నూల్లో కాదు, నేతలో" అంది. పెద్దమనిషి ఆ పంచే కొనుక్కుని హాయిగా వెళ్లిపోయాడు. వీళ్లిద్దరూ మాత్రం ఆ గీత దగ్గరే ఉండిపోయారు.

అప్పటినుంచి ఇంట్లో మాటలన్నీ యమున మీదుగా నడుస్తున్నాయి. ముగ్గురూ ఒకే గదిలో ఉన్నా సరే, "యమునా, మీ మావకి సెప్పు, పులుసు సల్లారిపోతన్నాది" అని ఆవిడ అంటే, "యమునా, మీ అత్తకి సెప్పు, వస్తన్నాను" అని ఆయన అంటాడు. యమున ఎవరికీ ఏమీ చెప్పక్కర్లేదు, మధ్యలో నిలబడి ఉంటే చాలు.

మూడు నెలల కిందట ఒక మధ్యాహ్నం జగన్నాధం ఊసుపోక ట్యాబ్‌లో పులిమేక ఎక్కించి, పులులు మూడూ పెట్టి, ఎవరితో ఆడాలో తెలియక అలాగే గూట్లో పెట్టేశాడు. మర్నాడు చూస్తే ఒక మేక పెట్టి ఉంది. అది పెట్టిన చోటు చూడగానే ఆయనకి తెలిసిపోయింది. పెళ్లైన కొత్తలో అరుగు మీద సుద్దముక్కతో గీసి, చింతపిక్కలతో ఆడి, ఆయన్ని ఓడించిన మనిషి మొదటి మేకని ఎప్పుడూ అక్కడే పెట్టేది. ఆ రోజు నుంచి పొద్దున్న కాఫీ అయ్యాక ఆయన ఒక ఎత్తు, పదింటికి దూది పని అయ్యాక ఆవిడ ఒక ఎత్తు. రోజుకి ఒక్కటే. తొందర ఎవరికీ లేదు కాబట్టి ముందుకి జరిపినదాన్ని వెనక్కి లాక్కుంటూ మూడు నెలలూ ఒకే ఆట. ఎవరికీ చెప్పలేదు, ఒకరికొకరు కూడా చెప్పుకోలేదు. వాళ్లిద్దరి మధ్యా మిగిలిన పలకరింపు అదొక్కటే.

ఆ పొద్దుటికి మూడు మేకలు చచ్చి పన్నెండు మిగిలాయి. రెండు పులులు కదల్లేకుండా కట్టుబడిపోయాయి, మూడోదానికి ఒకే ఒక్క దారి ఉంది. ఆ దారి మూసేసే ఎత్తు ఈవేళ లక్ష్మీనరసమ్మది. నిన్నటినుంచీ ఆవిడకి నిద్ర లేదు.

తొమ్మిదింటి వీడియో చక్కగా వచ్చింది. వాలుగ చేప దవడ ఎముక పట్టుకుని, దాని సన్నపళ్లతో దూదిని దువ్వుతూ లక్ష్మీనరసమ్మ నవ్వింది కూడా. పదవుతూనే "ఆ ట్యాబు ఇలాగియ్యి యమునా, నా మొకం ఎలాగొచ్చిందో సూస్తాను" అని తీసుకుని గోడవైపు తిరిగింది. మొహం కాదు ఆవిడ వెతికింది. ఈ చివరనుంచి ఆ చివరదాకా తోసి చూసింది, మళ్లీ చూసింది. పులిమేక లేదు.

ఆరు బారల దూరంలో మగ్గం లయగా ఆడుతోంది. జగన్నాధం ఏదో కూనిరాగం కూడా తీస్తున్నాడు. ఆవిడకి క్షణంలో అంతా అర్థమైపోయింది. ఓడిపోతున్నానని తెలిసి ఆట మొత్తం తుడిచేసి, పైగా పాట. చేప ఎముకని గుడ్డలో చుట్టి ముడివేసింది. "యమునా, మీ మావకి సెప్పు. నానింక వడకను. ఆ మగ్గానికి నా నూలు ఎక్కదు" అంది.

మగ్గం ఆగిపోయింది. "టైమెంతయినాదో సూస్తానుండు" అని జగన్నాధం యమున చేత ట్యాబ్ తెప్పించుకున్నాడు. ఎదురుగా గోడకి గడియారం ఉంది. ఆయనా తోసి చూశాడు, ఆయనకీ కనపడలేదు. ఆయనకి కోపం రాలేదు. ఐదు నెలలుగా మాట లేకపోయినా మేకయినా జరుపుతోంది కదా అని నెట్టుకొచ్చాడు. ఇప్పుడు అదీ వద్దనుకుందన్నమాట. మగ్గం కింద కాళ్లు పెట్టుకునే గుంటలోంచి పైకి వచ్చి, "యమునా, మీ అత్తకి సెప్పు. మగ్గం గుంట పూడిపించీస్తాను. అక్కడ అరిటిమొక్క ఏసుకోమను" అన్నాడు.

యమునకి ముందు రోజు ఇద్దరూ విడివిడిగా వచ్చి "వీడియోలో ముందు ఎవురి పేరు రాస్తావు" అని అడిగిన సంగతి గుర్తొచ్చింది. సరే, గొడవ అదేనని తేల్చుకుంది. అత్తగారి దగ్గరికి వెళ్లి చెవిలో, "మావయ్య పేరు తీసేస్తాన్లే అత్తా, నీదొక్కటే ఉంటాది" అంది.

లక్ష్మీనరసమ్మ ఆవిడ మొహంలోకి చూసింది. "తనే తీసీమన్నాడేటి?"

యమున తల దించుకుంది. తర్వాత మావగారి దగ్గరికి వెళ్లి ఆయనకీ అదే వైద్యం చేసింది. "అత్త పేరు తీసేస్తాను మావయ్యా, మీదొక్కటే ఉంటాది." ఆయనా "తనే తీసీమందా" అనే అడిగాడు. యమున మళ్లీ తల దించుకుంది. ఇద్దరికీ అది ఔననే అనిపించింది, అంటే తన పేరు పక్కన ఉండడం కూడా అవతలి మనిషికి ఇష్టం లేదన్నమాట. పావుగంటలో లక్ష్మీనరసమ్మ నాలుగు చీరలు సంచిలో పెట్టుకుని, మా అన్న దగ్గరికి పోతానని గుమ్మంలో కూర్చుంది.

యమున భర్త రమేష్‌బాబుకి కొత్తవలసలో రైల్వే ఉద్యోగం. ఆవిడ ఫోన్ చేసి, "మీ అమ్మ సంచి సర్దుకున్నాది, మీ నాన్న మగ్గం పూడ్చేస్తానంటన్నారు, ఎందుకో నాకు తెల్దు" అంది. డ్యూటీలో ఉన్న రమేష్‌బాబు నరసన్నపేటలో ఉన్న మేనమామ కూర్మయ్యకి ఫోన్ చేసి, "అమ్మ ఇల్లొదిలి ఎల్లిపోతన్నాదట మావా, నాన్న మగ్గం పూడ్సీసేరట" అన్నాడు. కూర్మయ్య తన స్నేహితుడు గణపతిరావుని బండి వెనక ఎక్కించుకుంటూ, "మా బావ మగ్గం పీకీసి, దాని కర్రతో మా సెల్లిని గెంటీసినాడు" అన్నాడు. ఇంకో ఇద్దరు మధ్యలో ఉండి ఉంటే ఏ కబురు వెళ్లేదో చెప్పలేం.

ఒంటిగంటకి వాళ్లిద్దరూ దిగారు. మగ్గం ఉన్నచోటే ఉంది. లక్ష్మీనరసమ్మ అరుగు ఈ చివర, జగన్నాధం ఆ చివర కూర్చున్నారు.

"ఏటైనాది నర్సమ్మా?" అన్నాడు కూర్మయ్య.

"ఆయనకే తెల్సు."

"ఏటైనాది బావా?"

"ఆవిడకే తెల్సు."

కూర్మయ్య నాలుగుసార్లు ఈ చివరనుంచి ఆ చివరకి తిరిగి, చెమట తుడుచుకుని గణపతిరావు వైపు చూశాడు. గణపతిరావు పంపకాలు చేయడంలో చెయ్యి తిరిగినవాడు. కారణం తెలియలేదని ఆయన దగ్గర పంపకం ఆగదు. "పైకి సెప్పుకోనేని సంగతి అయ్యుంటాది. అడగడం మర్యాద కాదు. రెండు పొయ్యిలెట్టీడమే. గిన్నెలు బైటికి తెండి" అన్నాడు. కరివేపాకు కోసం వచ్చిన పక్కింటి గౌరి, ఎందుకో ఏమిటో అడక్కుండానే, గిన్నెలు అందివ్వడం మొదలుపెట్టింది.

అరుగు కింద రెండు కుప్పలు లేస్తున్నాయి. పెద్ద గుండిగ అటు, కుక్కరు ఇటు. తన కంచం ఎడమవైపు కుప్పలోకి, దాని మీద ఎప్పుడూ బోర్లించి ఉండే ఆవిడ కంచం కుడివైపు కుప్పలోకి వెళ్లడం జగన్నాధం చూశాడు. ఆపండి అని అరవాలనిపించింది. కానీ ఎవరితో చెప్పడం? లక్ష్మీనరసమ్మకీ అదే మాట అనాలని ఉంది. ఆవిడ చెంగుతో మొహం తుడుచుకుంది. యమున మధ్యలో నిలబడి ఉంటే ఎలాగోలా చెప్పేవాళ్లే, కానీ యమున పెరట్లో కూర్చుని ఏడుస్తోంది.

గణపతిరావు ఆఖరికి ట్యాబ్ పైకెత్తాడు. "ఇది ఎవరికి?"

"నాకు" అన్నారు ఇద్దరూ, లేచి నిలబడి.

లక్ష్మీనరసమ్మ మొగుడివైపు తిరిగింది. "నీకెందుకది? దాన్లో ఉన్నదంతా తుడిసీసినావు గదా."

"నానా? తుడిసింది నువ్వు."

"నానెందుకు తుడుస్తాను? గెలస్తన్నదాన్ని నాను."

"మరి నానెందుకు తుడుస్తాను?" అన్నాడు జగన్నాధం. "మన మద్దిన అదొక్కటే మిగిలినాది గదా."

గౌరి చేతిలో గరిటె అలాగే ఉండిపోయింది. "ఈళ్లకి మాటల్లేవన్నారు?" అని గణపతిరావు కూర్మయ్యని మెల్లగా అడిగాడు. ఆ మాటలు విని పెరట్లోంచి పరుగున వచ్చిన యమున, "నేనే తీసేసేను అత్తా. వీడియోకి జాగా లేదని తీసేసేను. మీదని నాకు తెల్దు" అని బావురుమంది. అప్పటికి గాని తాము ఎవరూ మధ్యలో లేకుండానే మాట్లాడుకున్నామని ఆ ముసలివాళ్లిద్దరికీ తెలియలేదు. తెలిశాక ఇద్దరూ చెరో వైపు చూశారు.

"ఏడవకు. నాకన్నీ గుర్తే" అంది లక్ష్మీనరసమ్మ. సుద్దముక్క తెచ్చి అరుగు మీద గీతలు గీసింది. జగన్నాధం గిన్నెల కుప్పలోంచి చింతపిక్కల డబ్బా వెతికి పన్నెండు ఏరాడు. పులులకి గౌరి మూడు గచ్చకాయలు తెచ్చిచ్చింది. ఆయన పులుల్ని పెట్టాడు. ఆవిడ మేకల్ని ఒక్కొక్కటే పెట్టుకుంటూ వచ్చింది. పన్నెండో మేక దగ్గర కాసేపు తటపటాయించి, ఒక గడి పక్కకి పెట్టేసింది. అక్కడ పెడితే మూడో పులి హాయిగా బయటపడుతుంది. అది దాని అసలు చోటు కాదని జగన్నాధానికి తప్ప ఎవరికీ తెలియదు.

ఆయన వంగి ఆ చింతపిక్కని తీసి, ఉండాల్సిన చోట పెట్టాడు. "ఇక్కడ కాదు. నిన్న నువ్విక్కడ ఎట్టినావు."

"నాకు గురుతు నేదు."

"నాకున్నాది."

గణపతిరావుకి పులిమేక బాగా తెలుసు. ముందుకి వంగి, "ఆ మేకని అలా జరిపీ అమ్మా, పులి కట్టు. ఆట నీదే" అన్నాడు. లక్ష్మీనరసమ్మ చెయ్యి ఆ మేకదాకా వెళ్లింది. అక్కడ ఆగింది. తర్వాత ఎక్కడో మూలనున్న ఇంకో మేకని తీసి, ఎందుకూ పనికిరాని గడిలోకి జరిపింది.

"అదేటమ్మా?" అన్నాడు గణపతిరావు నొచ్చుకుని.

"నా మేక, నా ఇష్టం" అంది ఆవిడ. తర్వాత మొగుడితో, కాస్త గొంతు తగ్గించి, "ఈయేళ గెలిసీస్తే రేపు పొద్దున్న నువ్వేటి సేస్తావు" అంది.

జగన్నాధం కళ్లజోడు తీసి పంచె చెంగుతో చాలాసేపు తుడిచాడు. తుడుస్తూనే, "ఆ గీత నేతలోనే వచ్చీసుంటాది" అన్నాడు.

"కాదులే. ఆ వారం నాకు జొరం. నూల్లోనే వచ్చుంటాది."

"నూల్లో కాదంటన్నాను గదా, నేతలోనే."

"నా నూలు సంగతి నాకు తెల్దా? నూల్లోనే."

"మళ్లీ మొదలెట్టీసేరు" అన్నాడు కూర్మయ్య. కానీ ఆయనా నవ్వుతున్నాడు. గణపతిరావు ఒక్కడే, తన జీవితంలో పూర్తికాని మొదటి పంపకాన్ని చూసుకుంటూ, గౌరికి గిన్నెలు తిరిగి అందించాడు. కంచాలు ఒకదాని మీద ఒకటి బోర్లించుకుని లోపలికి వెళ్లాయి.

నాలుగింటికి రాట్నం తిరిగింది, ఐదింటికి మగ్గం ఆడింది, ఆరింటికి వీడియో హైదరాబాదు వెళ్లింది. చేసిన తప్పు దిద్దుకుందామని యమున ట్యాబ్‌లో పులిమేకని మళ్లీ ఎక్కించబోయింది. "వద్దులే, అరుగుంది గదా" అని అరుగు మీదనుంచి ఇద్దరూ ఒకేసారి అన్నారు. ఆ ఆటకి ఎంత జాగా పడుతుందో తెర మీద రాసి ఉంటే యమున చదివింది. సరిగ్గా ఒక్క ఫొటోకి పట్టేంత. దాన్ని తీసేయకపోయినా వీడియోకి జాగా చాలేది.