మూడు రిబ్బన్ల ట్యాంకు

దగ్గరికి జరిగి కూర్చోండి నాయనా. ఈ కథ గట్టిగా చెప్పాలంటే ఎవరి ముద్ర కావాలో నాకు తెలియదు, అందుకే మెల్లగా చెబుతాను.

ఆ పొద్దు బండమీదిపల్లెలో సరోజమ్మ కోడి కూయకముందే లేచింది. అనుకున్న పని చిన్నదే. జీవాలకు ఆకు వేసి, ఏడు గంటల బస్సుకు జమ్మలమడుగు పోయి, నాటకం కాగితాల మీద ముద్ర వేయించుకుని, సంగటి వేళకు ఇల్లు చేరాలి. నాలుగో రోజున పెద్దమ్మ దేవర, ఊరి జాతర. దేవరకు నాటకం ఆడాలంటే మైకు కావాలి, మైకు కావాలంటే ముద్ర కావాలి.

నాటకం సరోజమ్మదే. చదువు రాని మనిషి, గొర్రెల వెంబడి తిరుగుతూ మాటలన్నీ నోట్లోనే కట్టుకుంది. ఇడుపులపాయలో చదివే మనవరాలు స్వాతి సెలవులకు వస్తే కూర్చోబెట్టి మూడు ప్రతులు రాయించింది. కథ ఊరి నీళ్ల ట్యాంకుది. చివర్లో ఒక ముసలమ్మ ఖాళీ కడవతో ట్యాంకు కింద నిలబడి, "రిబ్బన్ మూడుతూర్లు కోసినారు, నీళ్లు ఒక్కతూరీ ఇడవలేదు" అంటుంది. నాటకమంతా ఆ ఒక్క మాట కోసమే. మాట కూడా కల్పించింది కాదు. పునాదికి ఒక రిబ్బన్, రంగు వేసినప్పుడు ఒక రిబ్బన్, ఆ రెండింటిలో ఫొటో సరిగ్గా పడలేదని ఇంకొక రిబ్బన్, నిజంగానే కోశారు. ఆడవాళ్లు మాత్రం ఇప్పటికీ గుట్ట దిగి నీళ్లు మోస్తున్నారు. పోయిన ఎండాకాలం సరోజమ్మ జతగత్తె నాగమ్మ నిండు బిందెతో జారి, తుంటి విరిగి మంచాన పడింది.

"ఆ మాట మైకులో వినాల సరోజా. అంతవరకు నేను పోను" అంది నాగమ్మ. సరోజమ్మ మాటిచ్చింది.

జమ్మలమడుగులో ఏ ఆఫీసని అడగొద్దండి. బోర్డు పెద్దది, తలుపు చిన్నది. లోపలి సారు కాగితాలు తిప్పి తిప్పి ఆ మాట దగ్గర ఆగాడు.

"ఇది తీసేయల్ల పెద్దమ్మా."

"ఎందుకు సార్, అబద్ధమా?"

"అబద్ధమైతే నాకేం నొప్పి? నాటకంలో అబద్ధాలే కద ఉండేది. ఇది జనానికి తెలిసిపోతాది."

"జనానికి తెలిసే ఉండాది సార్. మోసేది వాళ్లే."

"తెలిసేది వేరు, మైకులో తెలిసేది వేరు."

అని ఆ మాట కింద ఎర్రగీత గీశాడు. మిగతాది ప్రొద్దుటూరు సారు చూడాలన్నాడు. సంగటి ఇంట్లో చల్లారిపోయింది.

మరునాడు ప్రొద్దుటూరుకు కృష్ణయ్యను వెంటబెట్టుకు పోయింది. కృష్ణయ్య కలమల్ల కరెంటు ప్లాంటులో పనిచేసి దిగినాయన. నాటకంలో లీడరు వేషం ఆయనదే. ఆ సారు చూపు ఇంకా సూక్ష్మం.

"స్టేజీ మీద ఏమేం పెడతారు?"

"ఎండకాలం గదా సార్, ఒక ఫ్యాను" అంది సరోజమ్మ.

"అది ఒక పార్టీ గుర్తు. వద్దు."

"పాలాయన సైకిల్ మీద వస్తాడు."

"అది ఇంకొక పార్టీ. నడిచి రమ్మను."

"లీడరుకు గాజు గ్లాసులో టీ ఇస్తాం."

సారు తలెత్తి చూశాడు. "స్టీలు గ్లాసు."

కృష్ణయ్యకు దిగులు పట్టుకుంది. "సార్, లీడరన్న తర్వాత జనానికి చెయ్యి ఊపల్ల గదా."

"చెయ్యి కూడా గుర్తేనయ్యా. ఊపొద్దు."

"అయితే చేతులు ఇంటికాడ పెట్టి రమ్మంటావా సార్?"

"జేబులో పెట్టుకో."

"పంచెకు జేబు యాడుంటాది?"

సారు పేజీ తిప్పాడు. "ఆ రిబ్బన్ ఏ రంగు?" అన్నాడు.

"ఏ రంగుకు పార్టీ లేదో మీరే చెప్పండి సార్, అదే కడతాం" అంది సరోజమ్మ.

సారు వేళ్ల మీద రంగులు లెక్కపెట్టాడు. చివరికి రిబ్బన్ కూడా కొట్టేశాడు. కత్తెర ఒక్కటే మిగిలింది. ఫ్యాను లేక వాళ్లు చెమటలు కారిస్తే ఆ చెమటకు ఏ పార్టీ పేరు పెట్టేవాడో, పెద్దమ్మకే తెలియాలి.

మూడో రోజు పులివెందుల. ట్యాంకుకు పైపు ఆ పక్కనుంచి రావాలి గనక అక్కడి పోలీసు సారు కూడా అభ్యంతరం లేదనాలట. రాని నీళ్లకు అంత పెద్ద దారి. ఆ సారు ఒక కాగితం రాయించాడు. ఎర్రగీత మాట సరోజమ్మ నోట వస్తే మైకు జప్తు, మనిషి మీద కేసు, దేవర బంద్. ఆమె వేలిముద్ర వేసింది. దేవర ఊరందరిదీ, ఏం చేస్తుంది? మూడు ప్రతులూ ఆయనే పెట్టుకున్నాడు.

"కాగితాలు మా కానిస్టేబుల్ తెస్తాడు. ఎదురుగా కూర్చుని వింటాడు. నాటకం సాయంత్రం నాలుగు నుంచి ఆరు వరకే."

తిరుగు బస్సులో సరోజమ్మ కిటికీలోంచి బయటికే చూస్తూ, "మా ఊరి మాట నా నోట్లోంచి పీకేదానికి మూడు టౌన్లు కావాల్సొచ్చె" అంది. ఇంటికొచ్చి నాగమ్మకు సంగతి చెప్పింది. ఆమె తన మంచాన్ని ముందు వరుసలోనే వేయమంది.

దేవర నాడు కానిస్టేబుల్ అలీ అహ్మద్ వచ్చాడు. మంచి పిల్లోడు. వాళ్ల నాయన ప్రొద్దుటూరులో ఒకప్పుడు ఆడవేషాలు కట్టినాయన, పిల్లోడు తెరల వెనక నిద్రపోయి పెరిగాడు. సారు అతనికి గట్టిగా చెప్పి పంపాడు. "ఎవరన్నా ఆ మాట అంటే టక్కున పట్టుకోవాల. పట్టుకోవాలంటే అది నీ నోటికి రావాల." పులివెందుల నుంచి వచ్చే బస్సులో అలీ అహ్మద్ ఆ మాటను నలభై సార్లు వల్లె వేశాడు.

"నాకు బాగా వినబడే తావున కుర్చీ వేయండి మామా" అన్నాడు. కృష్ణయ్య మైకు కిందే వేశాడు.

నాటకం మొదలైంది. లీడరు చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక చంకల్లో పెట్టుకున్నాడు. ఆ తికమకలో మాట మరిచిపోయాడు. అందించడానికి స్వాతి చేతిలో కాగితం లేదు. కృష్ణయ్య దీనంగా అలీ అహ్మద్ వైపు చూశాడు. కాగితంలో ఉన్నట్టు జరిపించడమే తన డ్యూటీ అనుకుని, అలీ అహ్మద్ మెల్లగా మాట అందించాడు. ఆ తర్వాత ఎవరు తడబడినా చూపు ఖాకీ చొక్కా మీదికే పోయింది. అరగంటకల్లా పోలీసాయన పేజీలు తిప్పుతూ నాటకం మొత్తం నడిపిస్తున్నాడు.

చివరికి సరోజమ్మ ఖాళీ కడవతో ట్యాంకు కింద నిలబడింది. పళ్లు బిగించింది. ముందు మంచం మీద నాగమ్మ, పక్కన మైకు, కడవ పట్టిన చేతికి కాగితం మీద ముద్ర వేసిన ఆ వేలు. ఊరంతా ఆమె నోటివైపే చూస్తోంది. పది క్షణాలు గడిచాయి. తెరల వెనక పెరిగిన వాడు స్టేజీ మీద మౌనం ఎంతసేపని ఓర్చుకుంటాడు? ఎర్రగీత మీద వేలు పెట్టుకుని కూర్చున్న అలీ అహ్మద్ నోట అది దానంతటదే వచ్చేసింది.

"రిబ్బన్ మూడుతూర్లు కోసినారు, నీళ్లు ఒక్కతూరీ ఇడవలేదు."

మైకు నాలుగు వీధులకూ వినిపించింది. ఊరు ఒక్క గొంతుతో "వన్స్ మోర్" అని అరిచింది.

సరోజమ్మ కడవ దించి అతని వైపు తిరిగింది. "ఏమంటివి నాయనా? ముసలిదాన్ని, సరిగా వినపల్లేదు."

వన్స్ మోర్ అడిగితే మళ్లీ చెప్పాలి. వాళ్ల నాయన నేర్పింది అదే. అలీ అహ్మద్ లేచి, టోపీ సర్దుకుని, ఇంకా స్పష్టంగా చెప్పాడు. మూడోసారి సగంలో ఆగి, చేతిలోని కాగితాన్ని చూసి, కూలబడ్డాడు. నాగమ్మ మంచం కిర్రు కిర్రుమనేట్టు నవ్వింది.

మరునాడు పులివెందులలో విచారణ.

"ఆ మాట ఎవరన్నారు?"

"పోలీసాయనే సార్. నా వేలిముద్ర నేను నిలబెట్టుకున్నా" అంది సరోజమ్మ.

అలీ అహ్మద్ రిపోర్టు రాసిచ్చాడు. ఏ మాట అన్నదీ రాయాలి గదా, రాశాడు. సారు దాన్ని చదివి, ఎర్ర పెన్ను తీసి, తమ రిపోర్టులోనే ఆ మాట కింద గీత గీశాడు. అక్కడితో కేసు కూడా మూతబడింది.

కానీ ఊరూరా పాకింది. ఆడవాళ్లు చెబితే నమ్మనివాళ్లు సైతం, పోలీసులే చెప్పారంటే నిజమేనన్నారు. పైవాళ్లకు వణుకు పుట్టింది. తొమ్మిదో రోజున జీపులొచ్చాయి, షామియానా వేశారు, ట్యాంకుకు కొత్త కొళాయి బిగించారు.

ఈ కథ గుర్తు పెట్టుకోండి నాయనా, నలుగురికీ చెప్పండి. చెప్పేటప్పుడు మాత్రం రిబ్బన్ మూడుతూర్లు కోసినారని అనొద్దు, ఇప్పుడది నాలుగు.