పెదనాన్నకు నచ్చిన నవల

ఆ మంగళవారం పొద్దున బురుల్ వేసుకున్న పథకం చాలా చిన్నది. గ్రంథాలయం తలుపు తీయాలి, పొయ్యిలో బొగ్గు వేసి గది వెచ్చబరచాలి, పది గంటలకు ఇసాబెక్ పెదనాన్న వచ్చేసరికి ఆయన చేతిలో పెట్టడానికి ఒక మంచి నవల తీసి ఉంచాలి. నవల నచ్చితే పెదనాన్న మనసు కరుగుతుంది. కరిగితే రెండేళ్ళుగా "చూద్దాంలే" అంటూ నాన్చుతున్న దీవెన ఇచ్చేస్తాడు. దీవెన దొరికితే కొండదారి మంచుతో మూసుకుపోకముందే దూరోన్‌తో ఆమె పెళ్ళైపోతుంది.

బురుల్‌కు నలభై నాలుగేళ్ళు. నారీన్ కొండల్లో ఆ ఊరి గ్రంథాలయానికి ఇరవై ఏళ్ళుగా అన్నీ ఆమే. పాఠకులెవరైనా పోతే వాళ్ళ కార్డు ఒక పెట్టెలోంచి తీసి ఇంకో పెట్టెలో పెడుతుంది. ఈమధ్య ఆ రెండో పెట్టే నిండుగా కనిపిస్తోంది. దూరోన్ వాగు అవతలి బడిలో భౌతికశాస్త్రం చెప్తాడు. భార్య పోయి ఆరేళ్ళయింది. వారానికి రెండుసార్లు గుమ్మంలో బూట్ల మంచు శ్రద్ధగా దులుపుకుని వచ్చి, పేపరు చదివి, పొయ్యి పక్కన కూర్చుని టీ తాగి వెళ్తాడు. పెద్దల మాట జవదాటే మనిషి కాదు. "మీ పెదనాన్నగారు చేతులెత్తి దీవిస్తే చాలండీ, మర్నాడే వచ్చి తీసుకెళ్తాను" అంటాడు. ఆ 'అండీ' అంటే ఆమెకు ప్రాణం.

అడ్డంకల్లా పెదనాన్న. ఎనభై ఏళ్ళవాడు, గుర్రాల వైద్యుడిగా పనిచేసి దిగిపోయినవాడు, ఇప్పుడు వాళ్ళ వంశానికంతటికీ పెద్ద. ఆయనకు నవల ఎంచడం కంటే తిక్క గుర్రానికి లాడం కొట్టడం సులువు. పూర్వకాలపు చరిత్ర కావాలి, అందులో మాయలూ కావాలి. ఖాన్‌ల యుద్ధాల నవల ఇస్తే నాలుగో రోజు తెచ్చి బల్లమీద పడేశాడు. జిన్నులు లేని చరిత్ర ఉప్పులేని మాంసమట. రెక్కల గుర్రాల నవల ఇస్తే మర్నాడే వెనక్కి వచ్చింది. ఆకాశంలో ఎగిరేవాడు ఎవరి కొడుకో, ఎవరి మనవడో రాయకపోతే తానెలా నమ్మేదని పెదనాన్న ప్రశ్న. అరవై ఏళ్ళ కిందట కనుమ దగ్గర పచ్చజుట్టు దయ్యాన్ని కళ్ళారా చూసినవాడాయన. ఎవరెవరో అల్లిన కథలు ఆయనకు ఆనవు.

అందుకే జిల్లా నుంచి వచ్చిన కొత్త పెట్టెలో 'నీలి కళ్ళెం' అనే నవల చూడగానే బురుల్ గుండె ఎగిరి గంతేసింది. పూర్వం ఆ కొండల్ని ఏలిన కోకంద్ ఖాన్ సైనికులున్నారు, కొండ దేవత ఉంది, మాయ కళ్ళెం ఉంది. అన్నిటికంటే మించి, గుర్రాలు కాసే కథానాయకుడి పేరు సాల్కిన్‌బాయ్. వెనక్కి లెక్కపెడితే బురుల్ ఏడో తాత పేరు కూడా అదే. పెదనాన్న ఉబ్బితబ్బిబ్బైపోతాడనుకుంది. ఇరవై ఏళ్ళలో పూర్తిగా చదవకుండా ఆమె ఏ పుస్తకమూ ఎవరికీ ఇవ్వలేదు. ఆ ఒక్కటి మాత్రం సగం చదివి ఇచ్చింది.

శుక్రవారం పెదనాన్న వచ్చాడు. కళ్ళు ఎర్రబడి ఉన్నాయి. టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. ఆయన టోపీ తీయడం ఆమె చావుల దగ్గర మాత్రమే చూసింది.

"నచ్చిందా పెదనాన్నా?"

"నచ్చడమేంటే, బతికినన్నాళ్ళలో ఇంత మంచి పుస్తకం చదవలేదు. రెండొందల పన్నెండో పేజీ తియ్యి."

తీసింది. పచ్చజుట్టు దయ్యం సాల్కిన్‌బాయ్ కవల పిల్లల్లో చిన్నవాణ్ణి ఎత్తుకుపోయి, వాగు దాటి, తోలోబాయ్ గుడారంలో చచ్చి పుట్టిన బిడ్డ స్థానంలో ఉయ్యాల్లో పెట్టింది. తోలోబాయ్ అంటే దూరోన్ వాళ్ళ మూలపురుషుడు. వాగు అవతల ఏ పిల్లాణ్ణి నిద్రలేపి అడిగినా ఆ పేరు దాకా గుక్కతిప్పుకోకుండా చెప్తాడు.

"అంటే వాళ్ళది మన రక్తమేనమ్మా. ఏడు తరాల్లోపు రక్తం కలిస్తే పెళ్ళి కూడదు. నువ్వూ దూరోనూ అన్నాచెల్లెళ్ళు. నేను రెండేళ్ళు ఊరికే ఆగాననుకున్నావా? నా మనసుకు ముందే తెలుసు."

"అది నవల పెదనాన్నా. అతను ఊహించి రాశాడు."

"ఊహించినవాడికి మన తాత పేరెవరు చెప్పారు?"

దూరోన్ ఆ సాయంత్రం వచ్చి, నిలబడే ఆ పేజీ చదివి, ఇలాంటివి తాను నమ్మనని, అయినా కొంచెం ఆగుదామని అన్నాడు. అతను వెళ్ళాక చూస్తే టీ ముట్టుకోలేదు.

ఆమె చేతులు ముడుచుకు కూర్చుని ఉంటే మంట అక్కడితో ఆరేదేమో. ఆ పుస్తకం అబద్ధమని ఇంటింటికీ తిరిగి చెప్పింది. దాంతో అంత అబద్ధం ఏముందో చూద్దామని ఊళ్ళోవాళ్ళు వరస కట్టారు. పేపరు కూడా పట్టని గొర్రెల కాపరులు కార్డులు రాయించుకున్నారు. ఉన్న ఒక్క ప్రతీ చాలక టీ దుకాణంలో పైకి చదివించుకున్నారు. పెదనాన్న దృష్టి మళ్ళిద్దామని ఆమె వెతికి వెతికి ఇంకో నవల ఇచ్చింది. ఆ దిక్కుమాలిన నవలలోనూ ఒక దయ్యం ఒక బిడ్డను మార్చింది. రెండో సాక్ష్యం దొరికిందని ఆయన దాన్ని చంకలో పెట్టుకుని వాగు అవతలికి వెళ్ళి మరీ చూపించాడు.

చివరికి ఆమె రచయితకే ఉత్తరం రాసింది. ఒక్కసారి వచ్చి, ఇది కల్పన అని పదిమందిలో చెప్పమని బతిమాలింది. నెల తిరగకుండా ఆయన రాజధాని బిష్కెక్ నుంచి వచ్చాడు. పల్చటి కోటు, తడిసిన బూట్లు, పాపం మంచివాడు. రెండు వంశాలూ గ్రంథాలయంలో కిక్కిరిసి కూర్చుంటే నిలబడి ఉన్నదున్నట్టు చెప్పాడు. కథంతా తన ఊహేననీ, మూడేళ్ళ కిందట ఈ ఊరి శ్మశానం దగ్గర బండి చెడితే, గేటు పక్క పలకమీది పేర్లు బాగున్నాయని రాసుకున్నాననీ చెప్పాడు. బురుల్ అప్పటికి ఊపిరి పీల్చుకుంది.

పెదనాన్న మెల్లగా లేచాడు.

"నాయనా, ఆ దారిలో నీ బండి ఇంకెక్కడైనా చెడిందా?"

"లేదు తాతా."

"మా తాతల దగ్గరే చెడింది. సరే, ఇది రాసేటప్పుడు కలలేమైనా వచ్చాయా?"

అందరూ ముందుకు వంగారు. ఆ నేలమీద వీరగాథలు పాడేవాళ్ళకు కథ కల్లోనే అందుతుంది, తాతలే వచ్చి చెప్తారు. ఆ సంగతి పాలుతాగే పిల్లలకు కూడా తెలుసు. రచయితకూ తెలుసు. కానీ ఆయనకు అబద్ధమాడటం చేతకాదు.

"ఒకసారి వచ్చింది... తెల్ల గుర్రం మీద ఎవరో ముసలాయన..."

ఆ రాత్రి గుర్రపు మాంసం ఎక్కువ తిన్నానని ఆయన తర్వాత అన్న మాట బురుల్ ఒక్కతే విన్నది. మిగతావాళ్ళు అప్పటికే ఒకరినొకరు కౌగిలించుకుంటున్నారు.

"నువ్వు రాశాననుకుంటున్నావు నాయనా. నీ చేత రాయించారు" అని పెదనాన్న రచయిత భుజం తట్టాడు.

ఆదివారం విందు. రెండు వంశాలూ కలిసి గుర్రాన్ని కోశాయి. రెండొందల ఏళ్ళకు అన్నదమ్ములను కలిపిన పుణ్యాత్మురాలని బురుల్‌ను గుమ్మానికి ఎదురుగా, పెద్దలు కూర్చునే చోట కూర్చోబెట్టారు. ఊరందరిచేత పుస్తకాలు చదివించినందుకు జిల్లావాళ్ళు పంపిన ప్రశంసాపత్రం కూడా అప్పుడే ఇచ్చారు. ఆమె అది కాదు చూస్తున్నది. దూరోన్‌ను చూస్తోంది. బడిలో పిల్లలకు రుజువు లేనిదేదీ నమ్మకూడదని చెప్పే మనిషి, ఒక్క మాట అంటాడనుకుంది. ఒక్కటంటే ఒక్కటి.

దూరోన్ లేచాడు. గొంతు సవరించుకున్నాడు. తాను ఒంటరిగా పుట్టాననీ, తోబుట్టువు లేని లోటు ఇన్నాళ్ళకు తీరిందనీ చెప్తూ కళ్ళు తుడుచుకున్నాడు. నిజంగానే ఏడుస్తున్నాడు. అందుకే ఆమెకు అతనిమీద కోపం కూడా రాలేదు. తర్వాత పెదనాన్న రెండు చేతులూ ఎత్తి, రెండేళ్ళుగా ఆమె ఎదురుచూసిన దీవెన ఆ ఇద్దరికీ ఒకేసారి ఇచ్చాడు. చల్లగా ఉండండి, ఒకరికొకరు అండగా ఉండండి అన్నాడు. దీవెన అందుకునే ఆనవాయితీ ప్రకారం బురుల్ అందరితోపాటు అరచేతులతో ముఖం తుడుచుకుంది. అవి తడిశాయి.

సోమవారం పొద్దున మంచు పడుతోంది. ఎప్పటిలాగే గుమ్మంలో బూట్లు దులుపుకుని దూరోన్ లోపలికి వచ్చాడు. 'నీలి కళ్ళెం' బల్లమీద పెట్టాడు.

"చాలా బాగుంది చెల్లెమ్మా. చరిత్రా, మాయలూ కలిసినవి ఇలాంటివే ఇంకేమైనా ఉంటే చెప్పు."

బురుల్ అతనికి గొర్రెల జబ్బుల మీద ఒక లావుపాటి పుస్తకం ఇచ్చింది. అందులో మనుషుల పేర్లు లేవని రెండుసార్లు చూసుకుని మరీ ఇచ్చింది.