సముద్రంవైపు చూసిన కుక్క

ఆ శనివారం పొద్దున్నే మ్యూరియెల్ హోల్‌రాయిడ్ తలకి స్కార్ఫు కట్టుకుంటూ మొగుడికి ఒకే ఒక పని అప్పజెప్పింది. ఏమీ చెయ్యకుండా ఉండటం.

"నేను జుట్టు సెట్ చేయించుకుని, బేకరీలో స్కోన్లు తీసుకుని వస్తాను. టీ వేళకి సంఘం వాళ్ళొస్తారు. నువ్వు కుర్చీలో కూర్చుని పేపరు చదువుకో. దేన్నీ ముట్టుకోకు."

"టీ పెట్టుకోవచ్చా?" అన్నాడు సెడ్రిక్.

"రేకు కప్పులో."

సంఘం అంటే జిల్లాలోని పాత పింగాణీ సేకరించేవాళ్ళ సంఘం. ఇంటికొచ్చి, సరుకు చూసి, నచ్చితేనే చేర్చుకుంటారు. మ్యూరియెల్ బీరువాలో ఆవు ఆకారపు పాలకూజా ఉంది, మూడు మూలల టోపీ పెట్టిన లావుపాటి మనిషి కూజా ఉంది. కానీ వాళ్ళు వస్తున్నది వాటికోసం కాదు. వీధి కిటికీ గట్టుమీద కూర్చున్న కుక్కల జతకోసం. స్టాఫర్డ్‌షైర్ పింగాణీ, తెల్లటి ఒంటిమీద ఇటుకరంగు మచ్చలు, మెడలో బంగారు రంగు గొలుసు. మ్యూరియెల్ అమ్మమ్మవి. ఆవిడ మొగుణ్ణి సముద్రం తీసుకుపోయింది గానీ కుక్కలకి మాత్రం గీత పడలేదు.

సెడ్రిక్ లీడ్స్ బస్సుల్లో టిక్కెట్ల తనిఖీ చేసి రిటైరైనవాడు. తాగినవాళ్ళని మెడపట్టి దింపినవాడు. అలాంటివాడు ఈ ఇంట్లో మాత్రం కిటికీ పక్కనుంచి నడవాల్సొస్తే ఊపిరి బిగబట్టి నడిచేవాడు.

మ్యూరియెల్ వీధి మలుపు తిరగ్గానే ఒక ఈగ వచ్చి ఎడమవైపు కుక్క ముక్కుమీద వాలింది. సెడ్రిక్ కుక్కని ముట్టుకోలేదు. పేపరు మడిచి ఈగని కొట్టాడు. ఈగ ఎగిరిపోయింది. కుక్క కింద పడింది. తల ఒకవైపు, మొండెం ఒకవైపు.

గట్టుమీద మిగిలిన కుక్క అతన్నే చూస్తోంది. అంతా చూశాను, చెప్తాను అన్నట్టు చూస్తోంది. ఆ చూపు భరించలేక దాని ముఖం వీధివైపు, అవతలి సముద్రంవైపు తిప్పేశాడు. ఖాళీ కనబడకుండా గట్టు మధ్యకి జరిపాడు. తలా మొండెం స్వెటర్లో చుట్టుకుని పెరటి షెడ్డులోకి పరుగెత్తాడు.

స్కార్‌విక్ అనే ఈ ఊళ్ళో అందరికీ తెలిసి, లీడ్స్ వాడికి తెలియని సంగతి ఒకటుంది. ఈ రేవులో కిటికీ కుక్కలు ఇంట్లోకి చూస్తుంటే మగవాడు ఇంట్లో ఉన్నట్టు. రెండూ సముద్రంవైపు చూస్తుంటే పడవమీద వెళ్ళినట్టు. ఒక్కటే మిగిలి అటు చూస్తుంటే, ఇక తిరిగి రానట్టు. అప్పుడు వీధి వీధంతా కర్టెన్లు మూసి, ఆ ఇంటికి తిండి పట్టుకెళ్తారు. పడవలు తగ్గిపోయాయి గానీ వీధి ఆ లెక్క మరిచిపోలేదు.

ఎదురింటి ఈనిడ్ స్టార్ పాలసీసాలు బయటపెడుతూ కిటికీ చూసింది. సీసాలు అక్కడే వదిలి లోపలికి వెళ్ళి తన ఇంటి కర్టెన్లు మూసింది. చూస్తుండగానే వీధి పొడుగునా కర్టెన్లు మూసుకున్నాయి.

షెడ్డులో సెడ్రిక్ జిగురు ట్యూబు నొక్కాడు. కంగారులో అవసరమైనదానికన్నా ఎక్కువే వచ్చింది. తలని మెడమీద పెట్టి గట్టిగా అదిమాడు. అతుక్కుంది. అప్పుడు చూసుకుంటే రెండు తప్పులు కనిపించాయి. కుక్క తల వెనక్కి తిరిగి తన తోకని చూసుకుంటోంది. సెడ్రిక్ కుడిచెయ్యి కుక్క మొండేనికి అంటుకుపోయింది.

లాగాడు. రాలేదు. అంతలో పెరటి తలుపు చప్పుడైంది. ఈనిడ్ ఉడికించిన పందితొడ పళ్ళెంతో వంటింట్లోకి వెళ్ళింది. ఆ వెనకే చేపలమ్మే ఆగ్నెస్ కేకుతో వెళ్ళింది. ఆ వెనక పాస్టరు పెథరిక్ గారు.

పాస్టరుని చూసి సెడ్రిక్ చెవులు రిక్కించాడు. వంటింటి కిటికీ తెరిచే ఉంది.

"మ్యూరియెల్‌కి ఎవరు చెప్తారు?" ఆగ్నెస్ గొంతు.

"నావల్ల కాదు తల్లీ. పాస్టరు గారే చెప్పాలి," అంది ఈనిడ్, ముక్కు చీదుతూ.

"మెల్లిగా చెప్పాలి. ముందు కూర్చోబెట్టాలి," అన్నాడు పాస్టరు.

ఊరంతా తెలిసిపోయింది, అనుకున్నాడు సెడ్రిక్. కిటికీలోంచి చూసేశారు. కుక్క విరిగితే పాస్టరుని పిలిచే ఊళ్ళో తను ఇన్నాళ్ళు ఎలా బతికాడు? షెడ్డు తలుపుకి గడియపెట్టి, మొక్కల కుండీల వెనక నక్కాడు.

మ్యూరియెల్ స్కోన్ల సంచితో వచ్చింది. వీధిలో మూసిన కర్టెన్లు చూసింది. తన కిటికీ చూసింది. ఆ కుక్కని తిప్పింది ఇరుగుపొరుగు వాళ్ళే అనుకుంది, అది వాళ్ళు చెయ్యాల్సిన పనే కాబట్టి. వాళ్ళలో ఒక్కొక్కరూ అది పక్కవాళ్ళు తిప్పారనుకున్నారు. అందువల్ల ఎవరూ ఎవర్నీ ఏమీ అడగలేదు.

"ఎక్కడ?" అంది మ్యూరియెల్, కుర్చీలో కూలబడుతూ.

"రేవు గోడ దగ్గరయ్యుంటుంది," అంది ఆగ్నెస్. "రాళ్ళు పాచిపట్టి ఉన్నాయి. లీడ్స్ వాడికి ఆ రాళ్ళేం తెలుసు పాపం!"

కుండీల వెనక సెడ్రిక్‌కి అప్పుడర్థమైంది. వాళ్ళు ఏడుస్తున్నది కుక్కకోసం కాదు. తనకోసం. తను చచ్చిపోయాడు. బయటికి వెళ్ళి బతికే ఉన్నానని చెప్పాలి, సరే. ఈ చేత్తోనా?

అంతలో, చెప్పిన వేళకి ముందే, సంఘం వాళ్ళని వెంటేసుకుని కార్యదర్శి లడ్‌లామ్ గారు వచ్చాడు. విషయం విని టోపీ తీశాడు. కిటికీ గట్టు చూసి ఉలిక్కిపడ్డాడు.

"అయ్యయ్యో! జత విడిపోయిందే! రెండోది ఏమైందమ్మా?"

"కుక్కా?" మ్యూరియెల్ లేచి నిలబడింది. గొంతు పెరడంతా వినిపించింది. "నా మనిషి పోతే కుక్కని అడుగుతావా? వాటిని సముద్రంలో పారెయ్యండి! అన్నీ పారెయ్యండి! నా సెడ్రిక్ నాకొస్తే చాలు. రేకు కప్పులో టీ పెట్టుకోమన్నానే, అదే ఆఖరి మాటైపోయిందే!"

పెళ్ళయినప్పటినుంచి సెడ్రిక్ అలాంటి మాట వినలేదు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. గడియ తీసి, వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు.

"మ్యూరియెల్, నేను ఇక్కడే ఉన్నాను."

ఈనిడ్ కెవ్వుమంది. మ్యూరియెల్ ఒక్క ఉరుకున వచ్చి అతన్ని కౌగిలించుకుంది. "దొంగవెధవా, ఎక్కడ చచ్చావు? చచ్చావనుకున్నాను!" అంటూ ఏడ్చింది. సెడ్రిక్ కూడా రెండు చేతులూ ఆమె వీపుచుట్టూ వేశాడు.

వీపుమీద చల్లగా ఏదో తగిలింది. మ్యూరియెల్ ఏడుపు ఆగింది. మెల్లిగా అతని చెయ్యి ముందుకి లాగి చూసింది. తోకవైపు చూస్తున్న కుక్క తల ఇప్పుడు ఆమెని చూస్తోంది.

లడ్‌లామ్ గారు టోపీ తిరిగి పెట్టుకున్నాడు.

"సముద్రంలో పారెయ్యమన్నావు," అన్నాడు సెడ్రిక్ నీరసంగా. "పాస్టరు గారు కూడా విన్నారు."

"విన్నాననుకో," అన్నాడు పాస్టరు, పందితొడవైపు చూస్తూ. "కానీ నాయనా, అప్పటికి ఆవిడ లెక్కలో నువ్వు బతికి లేవు."

వేడి సబ్బునీళ్ళలో చెయ్యి నానబెట్టి ఊడదీసింది ఈనిడే. సంఘం వాళ్ళు టీ తాగకుండానే వెళ్ళారు. సెడ్రిక్ పరుపు షెడ్డులోకి చేరింది. అలాంటి మచ్చలే ఉన్న రెండో కుక్క దొరికేదాకా ఇంట్లో అడుగుపెట్టనక్కర్లేదని మ్యూరియెల్ చెప్పింది.

మర్నాడు పొద్దున్నే మిగిలిన కుక్కని ఆమే స్వయంగా తుడిచి, గట్టు మధ్యలో సముద్రంవైపు తిప్పి పెట్టింది.

ఈసారి పళ్ళెం పట్టుకుని ఎవరూ రాలేదు.