‘రాను’ అనడం రాని డ్రైవరు

టాక్సీ డ్రైవరు “రాను” అనడం అవమానమనుకుంటున్నారా? పొరపాటు! అది మన వారసత్వ సంపద. దాన్ని కాపాడటానికి ఈమధ్య ఒక వీడియో గేమ్ కంపెనీ నడుం కట్టింది.

అదొక పాతకాలపు టాక్సీ గేమ్. బొమ్మలన్నీ గళ్ళు గళ్ళుగా, కారేమో అగ్గిపెట్టెలా! ప్రయాణికుణ్ణి కాదు పొమ్మంటే పది పాయింట్లు. అందుకు అసలు సిసలు డ్రైవరు గొంతు కావాలని ‘సరే బాబాయ్’ని పిలిచారు.

ముప్ఫై ఏళ్ళు టాక్సీ నడిపి, చూపు మందగించి స్టీరింగ్ వదిలేసిన మనిషి. ఎవరు ఎక్కడికి రమ్మన్నా “సరే, ఎక్కండి” అనేవాడు కాబట్టి స్టాండులో ఆ పేరు పడింది. కంపెనీకి ఈ సంగతి ఎవరూ చెప్పలేదు.

“గట్టిగా కసరండి. నా మీద ఇన్నేళ్ళు చేసిన సాధన ఎక్కడికి పోతుంది!” అని ధైర్యం చెప్పి పంపింది భార్య.

మైకు ముందు బాబాయ్ గొంతు సవరించుకున్నాడు. “రాను... అంటే, కొంచెం పనుందండీ. ఏమీ అనుకోకండి.”

“క్షమాపణలు వద్దు బాబాయ్!” అంది రికార్డింగ్ అమ్మాయి.

పదకొండు టేకులయ్యాయి. పదకొండోసారి “పోనీ, ఎక్కండి” అనేశాడు! ఆ అమ్మాయి తల పట్టుకుంది.

ఆటలోనైనా స్టీరింగ్ దగ్గరికి మళ్ళీ వచ్చే ఒక్క అవకాశమూ పోయిందని బాబాయ్ మొహం చిన్నబోయింది. అక్కడే కూర్చుని ఇంటికి క్యాబ్ బుక్ చేశాడు. డ్రైవరు ఫోన్ చేస్తే స్పీకరు నొక్కాడు. మైకు ఇంకా ఆన్‌లోనే ఉంది.

“ఎక్కడికి?”

బాబాయ్ చెప్పాడు.

“అటు రాను. క్యాన్సిల్ చేస్కోండి.”

“మోకాళ్ళ నొప్పులు బాబూ, కాస్త రా నాయనా...”

ఫోన్ కట్!

“అబ్బ, ఎంత పాతకాలపు గొంతు!” అంటూ అమ్మాయి కుర్చీలోంచి లేచి గంతేసింది. వెతికి పట్టుకుంటే ఆ గొంతు వయసు పాతికేళ్ళు! చూశారా, మన సంపద ఎంత పదిలంగా ఉందో! డ్రైవరు వేషం ఆ కుర్రాడికే ఇచ్చారు. బాబాయ్‌ని ప్రయాణికుణ్ణి చేశారు.

గేమ్ తయారయ్యాక మొదట బాబాయ్‌నే ఆడమన్నారు. చేతికి ఆట స్టీరింగ్ తగలగానే ఆయన వెన్ను నిటారైంది. తెర మీద రోడ్డు పక్కన ఒక ముసలాయన బాబాయ్ గొంతుతోనే “కాస్త రా నాయనా” అంటున్నాడు. బాబాయ్ బ్రేకు వేసి ఎక్కించుకున్నాడు.

గేమ్ ఓవర్!

“ఎక్కించుకున్నాను కదమ్మా, ఓడిపోవడమేంటి?”

“ఎక్కించుకునే డ్రైవర్ని మేం పెట్టలేదు బాబాయ్,” అంది అమ్మాయి. “పెడితే ఆడేవాళ్ళు నమ్మరు.”