నాలుగూ పదికి ఆగిన గడియారం

ఆ రోజు కార్యక్రమం చాలా తేలికైనది. తొమ్మిదింటికి కళాకారుల ఇళ్లు చూపించే యాత్ర బస్సెక్కాలి. పదింటికి శిల్పి ఇల్లు, పదకొండింటికి పెద్ద చిత్రకారుడి ఇల్లు, పన్నెండున్నరకి నీటిరంగుల చిత్రకారిణి గది. ఆ గదికి ఒంటిగంటన్నరకి తాళం పడుతుంది కాబట్టి దారిలో ఎక్కడా ఆలస్యం చేయకూడదు. ముప్పైరెండేళ్లు డ్రాయింగు టీచరుగా పనిచేసి రిటైరైన ఇల్లాలు ఇదంతా ఒక కాగితం మీద గుండ్రంగా రాసుకుంది. కింద గీత గీసి, గీత కింద ఇంకో వాక్యం చేర్చింది: "ఈయన దేన్నీ ముట్టుకోకూడదు."

ఈయన అంటే ఆవిడ భర్త, గడియారాల మేస్త్రి. ఎవరింటికి వెళ్లినా ముందు మనుషుల్ని కాదు, గోడల్ని పలకరించే మనిషి. "మీది మూడు నిమిషాలు వెనక" అనేవాడు. ఇంటివాళ్లు మంచినీళ్లు తెచ్చేలోగా ఆ గడియారం ముక్కలుముక్కలుగా బల్ల మీద ఉండేది. పోయినేడు వియ్యపురాలి ఇంట్లో కోకిల గడియారం బాగుచేయబోతే, అందులో పిట్ట బయటికి వచ్చింది గానీ మళ్లీ లోపలికి పోలేదు. వియ్యపురాలు ఇప్పటికీ ఫోన్లో "అన్నయ్యగారు కులాసాయేనా" అని అడుగుతుంది గానీ, ఇంటికి రమ్మనడం మానేసింది.

"జేబులు చూపించండి" అంది టీచరు గుమ్మం దగ్గర.

చొక్కా జేబులోంచి సన్న స్క్రూడ్రైవరు, పంట్లాం జేబులోంచి చిన్న పట్టకారు, రుమాలు మడతలోంచి కంటికి బిగించుకునే భూతద్దం బయటపడ్డాయి.

"భూతద్దం కూడానా? దాంతో చూడ్డమేగా."

"చూశాకే కదా మీ చెయ్యి లేచేది."

మూడూ అలమారా ఎక్కాయి. మేస్త్రికి కోపం రాలేదు. నీటిరంగుల చిత్రకారిణి వేసిన ఆ గది కిటికీ బొమ్మని తన భార్య ఏటేటా ఎనిమిదో తరగతి పిల్లలచేత వేయించిందనీ, ఆ కిటికీని ఒక్కసారైనా కళ్లారా చూడాలని పెళ్లినాటినుంచీ అంటోందనీ ఆయనకు తెలుసు. పెళ్లినాటినుంచీ దుకాణం మూయడం కుదరక తనే వాయిదా వేస్తూ వచ్చాడనీ తెలుసు. "ఈ పూట నా చేతులు నావి కావు" అని మనసులో ఒట్టు పెట్టుకుని, రెండు చేతులూ వెనక్కి కట్టుకుని బస్సెక్కాడు.

శిల్పి ఇంట్లో ఆ ఒట్టు చెక్కుచెదరలేదు. అక్కడ గడియారం లేదు.

పెద్ద చిత్రకారుడి ఇంట్లో ఉంది. పైఅంతస్తులో, ఎత్తయిన కిటికీలున్న గదిలో, రంగులు గడ్డకట్టిన బల్లకి ఎదురుగా, గోడమీద మూరెడు పొడవు లోలకం గడియారం, దానిముందు జనానికి అడ్డంగా ఒక తాడు. నాలుగూ పది చూపిస్తోంది. చేతిలో ఆకుపచ్చ జెండా పట్టుకున్న గైడు ఇరవైమందినీ దానిముందు నిలబెట్టి గొంతు తగ్గించాడు. పదకొండేళ్లుగా ఆయన గొంతు సరిగ్గా ఇక్కడే తగ్గుతోంది. ఈ ఇంటికి జనం వచ్చేది బొమ్మల కోసం కాదు, ఈ గడియారం కోసం. టికెట్టు మీద కూడా దీని బొమ్మే, ముళ్లు నాలుగూ పది దగ్గర.

"నలభై ఏళ్ల కిందట, ఒక సాయంత్రం, ఇదే గదిలో, చేతిలో కుంచె ఉండగానే ఆ మహానుభావుడు కన్నుమూశారు. ఆ క్షణంలో..." అని గైడు ఆగాడు.

ఆ ఆగిన జాగాలో మేస్త్రికి ఒక సంగతి కనబడింది. గడియారం వంకరగా వేలాడుతోంది. కిందిభాగం ఎడమకి అంగుళమన్నర జరిగి ఉంది. లోలకం గడియారం అలా ఒరిగితే ఎంత మంచిదైనా ఆగిపోతుంది. అది జబ్బు కాదు, పక్క సరిగా లేకపోవడం. పసిపిల్ల మంచం అంచున పడుకుని ఉంటే చూస్తూ ఊరుకునే తల్లి ఉంటుందా? వెనక కట్టుకున్న చేతుల్లో ఒకటి విడివడింది. అందులో ఒక్క వేలు తాడు మీదుగా ముందుకు వచ్చి, గడియారం అడుగున ఆని, ఇంత పక్కకి జరిపింది.

"...ఈ గడియారం కూడా ఆగిపోయింది. అప్పట్నుంచి ఇంతవరకూ..." అన్నాడు గైడు.

టిక్కు, అంది గడియారం. కాసేపాగి, టక్కు, అంది.

గైడు నోరు తెరిచినది తెరిచినట్టే ఉండిపోయింది. ముందువరసలో నీలం శాలువా కప్పుకున్న పెద్దావిడ కళ్లు మూసుకుని, "వచ్చారు" అంది. ఆ మాట వెనకవరస దాకా పాకింది. ఒకాయన టోపీ తీశాడు.

"అది కాదండీ, గోడకి వంకరగా ఉంటే..." మొదలుపెట్టాడు మేస్త్రి.

"ష్" అంది నీలం శాలువా ఆవిడ. "ఇలాంటప్పుడు మాట్లాడకూడదు."

మేస్త్రి ఇంకో రెండుసార్లు ప్రయత్నించాడు. రెండుసార్లూ ఆవిడే అడ్డుపడింది. ఇరవై నిమిషాలకి గడియారం అరగంట కొట్టింది. ఒక్క దెబ్బే, కానీ ఆ దెబ్బకి కిందనున్న రెండో బృందం కూడా మెట్లెక్కి వచ్చేసింది. ఇక ఎవర్నీ కదిలించడం గైడు తరం కాలేదు.

టీచరు భర్త ముఖంలోకి చూసింది. ముప్పైనాలుగేళ్ల కాపురంలో ఆ ముఖంలో అర్థంకానిది ఏదీ మిగల్లేదు.

"మీరేనా?"

"ఒక్క వేలే."

ఆవిడ కాగితం తీసి చూసుకుంది, గోడమీద గడియారం సంగతి ఎలా ఉన్నా తన చేతి గడియారం చూసుకుంది. "ఇక్కణ్ణించి ఆ గదికి నడిస్తే పావుగంట. గైడు లేకపోతే కిటికీ కనబడదా ఏం? నేను వెళ్తున్నా."

"నేను?"

"మీరు మొదలుపెట్టిన పని మీరే చక్కబెట్టుకు రండి."

ఆవిడ చేతిసంచి భుజాన వేసుకుని, జనాన్ని తోసుకుంటూ దిగిపోయింది. మేస్త్రి గైడుని గది మూలకి లాక్కెళ్లి జరిగింది జరిగినట్టు చెప్పాడు. గైడు గోడకి చేరగిలబడ్డాడు.

"ఎంత పని చేశారండీ. పన్నెండింటికి చిత్రకారుడిగారి కూతురు వస్తున్నారు. ఈ ఇల్లు విడిచాక ఆవిడ మొదటిసారి రావడం. ఆగిపోయిన గడియారం ముందు నాలుగు మాటలు చెప్పమని నేనే ఉత్తరం రాసి పిలిపించాను. ఇప్పుడు ఇది టింగురంగా అంటూ ఆడుతుంటే నా మొహం ఎక్కడ పెట్టుకోను? ఆపేయండి, మీకు పుణ్యం ఉంటుంది."

"ఆపడం ఎంతసేపు. కానీ ఇప్పుడది నాలుగూ యాభై చూపిస్తోంది."

"వెనక్కి తిప్పేయండి."

మేస్త్రి నిటారుగా నిలబడ్డాడు. "గంటకొట్టే గడియారాన్ని వెనక్కి తిప్పితే లోపల చక్రాల పళ్లు విరుగుతాయి. నా చేత్తో నేను ఆ పని చెయ్యను. ముందుకే తిప్పాలి."

"ముందుకి అంటే? ఐదు, ఆరు, ఏడు..."

"అన్నీ. మళ్లీ నాలుగు దాకా. ప్రతి గంట దగ్గరా ఆగి, కొట్టనిచ్చి, అప్పుడు కదలాలి."

గైడు వేళ్లమీద లెక్కపెట్టబోయాడు, వేళ్లు చాల్లేదు.

"డెబ్బై ఎనిమిది" అన్నాడు మేస్త్రి. "అరగంటలు పదకొండు. వెరసి ఎనభై తొమ్మిది దెబ్బలు."

"గుడ్డ అడ్డం పెట్టి కొట్టించలేరా?"

"సుత్తి ముఖం వెనకాల ఉంది. ముఖం ఊడదీయాలంటే స్క్రూడ్రైవరు కావాలి. దాన్ని మా ఆవిడ అలమారాలో పెట్టింది."

ఇంకో దారి లేదు. గైడు జెండా ఎత్తి, ముఖ్య అతిథికి స్వాగతం చెప్పాలంటూ రెండు బృందాల్నీ కిందికి దింపి గేటు దగ్గర నిలబెట్టాడు. పైకి వచ్చి తలుపు దగ్గరగా వేశాడు. ముళ్లు అందేంత ఎత్తు పీట లేకపోవడంతో మేస్త్రి తాడు దాటి, చిత్రకారుడి కుర్చీ లాక్కుని ఎక్కాడు. ఆ కుర్చీలో చిత్రకారుడు పోయాక ఎవరూ కూర్చోలేదు. నిలబడకూడదని మాత్రం ఎక్కడా రాయలేదు.

అద్దం తలుపు తీశాడు. లోపల అడుగున కీ కనబడింది. అలవాటు కొద్దీ రంధ్రంలో పెట్టి చూస్తే ఇంచుమించు తిరగనే లేదు. మేస్త్రి కనుబొమలు ముడిపడ్డాయి. "వింతగా ఉందే. కడుపునిండా కీ ఉంది. అంటే కీ ఇచ్చిన వెంటనే ఒరిగిపోయిందా?"

"ఇప్పుడా పరిశోధన ఎందుకండీ బాబూ. కానివ్వండి."

ఐదు కొట్టింది. ఆరు కొట్టింది. కిటికీ కింద గేటు దగ్గర గుసగుసలు ఆగిపోయాయి. ఏడు, ఎనిమిది అయ్యేసరికి ఎవరో మొదటినుంచీ పెట్టుకున్న లెక్కని పైకి చెప్పడం మొదలుపెట్టారు. తొమ్మిది, పది, పదకొండు. చెమట కళ్లలోకి కారుతున్నా మేస్త్రి ముల్లు వదల్లేదు. ఒక్కో దెబ్బ మోత పూర్తిగా తగ్గాకే మళ్లీ కదిపేవాడు. పన్నెండు కొట్టేటప్పుడు గైడు చెవులు మూసుకుని నేలమీద కూలబడ్డాడు.

"ఎనభై తొమ్మిది" అని కిందినుంచి వినబడింది, నాలుగో గంట చివరి దెబ్బకి.

"పోయేనాటికి ఆయనకి ఎనభై ఒకటే కదా" అన్నారెవరో.

"పోయాక ఆగిపోతారా ఏం, పెరిగి ఉంటారు" అంది నీలం శాలువా ఆవిడ గొంతు.

మేస్త్రి ముల్లుని పది నిమిషాల గుర్తు మీదికి తెచ్చి, లోలకాన్ని రెండు వేళ్లతో పట్టుకుని ఆపాడు. గదిలో నిశ్శబ్దం. దానిలోంచి చేతికర్ర చప్పుడు. తలుపు తెరుచుకుంది.

చిత్రకారుడి కూతురికి డెబ్బై అయిదు దాటి ఉంటాయి. ఆవిడ ఏడవడానికి వచ్చినట్టు లేదు. తాడు అవతల కుర్చీ మీద నిలబడ్డ మనిషినీ, నేలమీద జెండా పట్టుకు కూర్చున్న మనిషినీ, గోడమీద గడియారాన్నీ వరసగా చూసింది.

"దాన్ని నిటారుగా పెట్టింది ఎవరు?"

"నేనండి" అన్నాడు మేస్త్రి, కుర్చీ దిగకుండానే. "వంకరగా ఉంటే చూళ్లేకపోయాను. తప్పు నాదే, ఈయనకేం సంబంధం లేదు. మళ్లీ నాలుగూ పది దగ్గరే పెట్టాను, పళ్లు ఒక్కటి కూడా దెబ్బతినలేదు."

"నాలుగూ పది ఎందుకు?"

ఈసారి గైడు జవాబు చెప్పాడు. కుంచె, సాయంత్రం, కన్నుమూయడం, అన్నీ చెప్పాడు. గొంతు తగ్గించే జాగా దగ్గర మాత్రం తగ్గించలేదు, దానంతటదే పోయింది.

కూతురు నవ్వింది. "మా నాన్న పోయింది ఆసుపత్రిలోనయ్యా, పొద్దున్న, కాఫీలో పంచదార తక్కువైందని నర్సుతో దెబ్బలాడాక. ఈ గడియారం అమ్మ కొని తగిలించింది, ఆయన వేళకి భోజనానికి దిగి రావాలని. టిక్కుటిక్కుమంటుంటే గీత కుదరడం లేదని, అమ్మ కీ ఇచ్చి గది దాటగానే ఆయన దీన్ని ఇలా పక్కకి నెట్టేసేవారు. ఆఖరిసారి నెట్టింది ఎప్పుడో నాకూ తెలీదు."

ఆవిడ చేతికర్ర ఎత్తి, దాని కొసతో గడియారం అడుగుభాగాన్ని ఎడమకి అంగుళమన్నర తోసింది. అలవాటైన చేతిలా ఉంది అది.

"కీ నిండుగా ఎందుకుందో ఇప్పుడు తెలిసింది" అన్నాడు మేస్త్రి. ఆ ఇంట్లో ఆవిడ చెప్పింది విని సంతోషించినవాడు ఆయన ఒక్కడే.

అంతలో మెట్లమీద అడుగుల మోత. రెండు బృందాలూ తోసుకుంటూ లోపలికి వచ్చాయి. వాళ్లకి కనబడింది ఇది: నాలుగూ పది దగ్గర కదలకుండా నిలిచిన గడియారం, దాని కింద కర్ర ఎత్తి నిలబడ్డ కూతురు.

"బిడ్డ రాగానే శాంతించారు" అంది నీలం శాలువా ఆవిడ.

"అది కాదమ్మా, మా నాన్న అసలు..." అంది కూతురు.

"ష్" అంది నీలం శాలువా ఆవిడ. "ఇలాంటప్పుడు మాట్లాడకూడదు."

రెండింటికి మేస్త్రి బస్టాపుకి చేరేసరికి టీచరు బెంచీ మీద కూర్చుని ఉంది. జనమంతా గడియారం దగ్గరే ఉండిపోవడంతో నీటిరంగుల గదిలో ఆవిడ తప్ప ఎవరూ లేరట. అక్కడి కాపలామనిషి స్టూలు తెచ్చి కిటికీ ముందు వేసిందట. గంటసేపు కదలకుండా కూర్చుందట.

"ఆ వెలుతురు ముప్పైరెండేళ్లు పిల్లలచేత పసుపురంగుతో వేయించాను" అంది. "అది పసుపు కాదండీ."

"మరేవిటి?"

"మాటల్లో చెప్పలేను. రేపు కలిపి చూపిస్తా." కాగితం మడిచి సంచిలో పెట్టుకుంటూ అడిగింది. "మీ పని ఏమైంది?"

"ఆపేశాను."

ఆ తర్వాతి నెలలో ఆ ఇంటికి జనం మూడింతలయ్యారు. కూతురు గైడుకి నిజం రాసిచ్చి వెళ్లింది. గైడు దాన్ని చదివి వినిపించిన రెండు రోజులూ సందర్శకులు ఆయన్ని నమ్మకపోగా, టికెట్టు మీదున్న బొమ్మ చూపించి మందలించారు. చివరికి కూతురే నిర్వాహకులకి ఒక సలహా ఇచ్చింది, దాని ప్రకారం మేస్త్రికి ఉత్తరం వచ్చింది: గడియారం మళ్లీ నడిచే ప్రమాదం ఉన్నందువల్ల దాని బాధ్యత తెలిసిన మనిషికి అప్పగించదలచామని.

ఆగిన గడియారాన్ని చూస్తే చెయ్యి ఊరుకోని మేస్త్రి ఇప్పుడు నెలకోసారి ఆ మెట్లెక్కి వెళ్లి, "గడియారం నడవడం లేదు, పరిస్థితి సంతృప్తికరం" అని రాసి సంతకం పెట్టి వస్తున్నాడు.