మాత్ర ఒకటి, జబ్బులు మూడు

మాత్ర మింగి ఏడింటి ట్రిప్పుకు బయల్దేరాలన్నదే ఆ ఉదయం బస్సు డ్రైవరు వేసుకున్న పథకం. నెల రోజులుగా కుడి అరికాల్లో నరం సూదులు గుచ్చినట్టు పొడుస్తోంది. మొదటి వారం పూటకొక గొట్టం మాత్ర చాలు, తర్వాత చూసి పెంచుదామన్నాడు డాక్టరు. అవేం మాత్రలని భార్య అడిగితే, బలానికని చెప్పి స్నానానికి వెళ్లాడు.

ఆమె మాత్రల పెట్టెలోని కాగితం మడత విప్పింది. మూర్ఛకు, ఆందోళనకు, నరాల నొప్పికి వాడతారని ఉంది. మొదటి మాట దగ్గరే ఆమె చూపు ఆగిపోయింది. మిగతాది చదవలేదు. మొగుడు వెళ్లగానే తమ్ముడికి ఫోన్ చేసి, బావకు మూర్ఛలొస్తున్నాయేమోనని చెప్పి, మూడో కంటికి తెలియకూడదంది. తమ్ముడు డిపో మెకానిక్కుకు మాత్రమే చెప్పాడు, అదీ ఒట్టు వేయించుకుని. ఆ మాట డిపో మేనేజరు చెవిన పడేసరికి, అందులో డ్రైవరు స్టీరింగు మీద రెండుసార్లు పడిపోయి ఉన్నాడు.

డ్రైవరు డిపోకు వచ్చేసరికి బస్సు తాళం మేనేజరు జేబులో ఉంది. ఆయన గది తలుపు మూసి, మెల్లగా అడిగాడు.

"ఎన్నాళ్ల నుంచి వస్తోంది?"

నొప్పి సంగతి ఈయనకెలా తెలిసిందా అనుకుంటూనే డ్రైవరు నిజం ఒప్పుకున్నాడు. "నెల నుంచండీ. రోజూ వస్తుంది. బ్రేకు తొక్కితే మరీ ఎక్కువ."

"వచ్చినప్పుడు?"

"పళ్లు బిగబట్టుకుంటానండీ."

మేనేజరు ముఖాన కత్తివాటుకు నెత్తురుచుక్క లేదు. అంతలో మొగుణ్ణి బస్సెక్కనివ్వకూడదని భార్య మాత్రల పెట్టెతో, తమ్ముణ్ణి వెంటబెట్టుకుని వచ్చింది. మేనేజరు పెట్టె అందుకుని పేరు రెండుసార్లు చదివాడు.

"ఇవి మూడేళ్లుగా నేనూ వేసుకుంటున్నానమ్మా," అన్నాడు.

తమ్ముడు అడుగు వెనక్కి వేశాడు.

"మూర్ఛకు కాదయ్యా. ఆందోళనకు."

డ్రైవరు చెప్పు విప్పి అరికాలు చూపించాడు. నరం నొప్పంటే బస్సు మాన్పిస్తావని దాచానని భార్యతో చెప్పాడు. ఆమె ఏడవాలో తిట్టాలో తేల్చుకోలేక రెండూ చేసింది.

తాళం తిరిగి ఇచ్చే ముందు, ఎందుకైనా మంచిదని మేనేజరు ఆ మాత్ర రాసిన డాక్టరుకు ఫోన్ చేశాడు. రోగి బస్సు నడుపుతాడని డాక్టరుకు తెలిసింది అప్పుడే. కొత్తలో ఆ మాత్రకు మత్తుగా ఉంటుందని, మోతాదు కుదిరేదాకా స్టీరింగు ముట్టుకోవద్దని గట్టిగా చెప్పాడు. డ్రైవరు భార్య వెంట ఇంటికెళ్లి హాయిగా పడుకున్నాడు. ఏడింటి ట్రిప్పుకు రోజుకొక మనిషిని వెతికే పని మేనేజరు మీద పడింది.

నాలుగో రోజున ఆయన తన ఆందోళన మాత్ర మోతాదు పెంచాలేమో కనుక్కుందామని డాక్టరుకు మళ్లీ ఫోన్ చేశాడు.