తొంభై తొమ్మిది శాతం దగ్గర ఆగే భాగ్యం

తొంభై తొమ్మిది శాతం దగ్గర ఆగిపోయే సాఫ్ట్‌వేర్ మానవజాతికి దొరికిన వరం! నవ్వకండి, ఆ వరమిచ్చిన మహానుభావుణ్ణి నేనే.

నేనూ, వేయో అనే నా మిత్రుడూ రిటైరయ్యాక, చేతిలో ఇమిడే గేమ్ యంత్రానికి సొంతంగా ఆటలు తయారుచేస్తున్నాం. అతని ఆట నా యంత్రంలోకి రావాలంటే అతను మెమరీ కార్డు చేతితొడుగులో దాచుకుని, ఫిన్లాండ్‌లోని మా ఔలు ఊరి మంచులో నడిచి రావాల్సి వచ్చేది. ఈ కాలంలో ఎంత అనాగరికం! అందుకే చలికాలమంతా కూర్చుని వైర్‌లెస్‌గా ఆటలు పంపే సాఫ్ట్‌వేర్ రాశాను. రాసింది నేను కాబట్టి అది పనిచేయలేదు.

"కార్డుతో హాయిగా జరిగిపోయేదిగా?" అంది మా ఆవిడ రైలి.

"నీకు సైన్సు తెలీదులే."

"నువ్వు నెలలుగా స్నానం కూడా వాయిదా వేస్తున్నావని మాత్రం తెలుస్తోంది."

కానీ ఆ లోపం వల్ల ఎంత లాభమో చూడండి! మా ఊళ్ళో పని లేకుండా ఒకరి తలుపు తట్టడం దొంగతనం కంటే పెద్ద నేరం. ఎంత పాత స్నేహమైనా సాకు చూపించాల్సిందే. నా సాఫ్ట్‌వేర్ ప్రతి శనివారం నమ్మకంగా చచ్చేది. "మళ్ళీ పోయిందిరా నీ కళాఖండం" అంటూ వేయో వచ్చేవాడు. ఇద్దరం పక్కపక్కనే కూర్చుని, తెరమీద తొంభై తొమ్మిది శాతం దగ్గర ఆగిపోయిన గీతను మాటామంతీ లేకుండా సాయంత్రం దాకా చూసేవాళ్ళం. ఇంతకంటే స్వర్గం ఉంటుందా?

అంతలో ఆ ద్రోహి ఇంట్లో కూర్చుని లోపాన్ని సరిచేసేశాడు! ఇప్పుడు ఆటలు రెప్పపాటులో వస్తున్నాయి. వేయో రావడం లేదు. నా ఇంటికొచ్చే మనిషి అతనొక్కడే. చెప్పడానికి సిగ్గుగా ఉంది గానీ, శనివారం వస్తే ఏమీ తోచడం లేదు.

"ఊరికే రమ్మని పిలువు," అంది రైలి.

"ఊరికేనా! ఏమని పిలవను?"

మొన్న శనివారం ఫోన్ మోగింది.

"ఆట వచ్చిందా?" అడిగాడు వేయో.

యంత్రం వైపు చూడనైనా చూడకుండా, "రాలేదురా! తొంభై తొమ్మిది దగ్గరే ఆగి చచ్చింది," అన్నాను.



"నేనింకా పంపనేలేదురా."

వేయో గొంతు సవరించుకున్నాడు.

"సరే, ఇది ఫోన్లో తేలే వ్యవహారం కాదు. బూట్లు వేసుకునే ఉన్నా, వస్తున్నా."